ఫేడర్ మీద నా వేలు

మీ అపార్టుమెంటు లిఫ్టు పైకి కదలాలంటే నాణెం వేయాలి.
నీ మొదటి సినిమా రోజునే తెలిసింది నాకది.
ఎనిమిదో అంతస్తు, వంటింటి బల్ల, బల్ల మీద కీబోర్డు,
కీబోర్డు మీద ఉల్లిపొట్టు.
"నాణెం పడ్డ చప్పుడు రికార్డు చేశావా గేలా?
అది ఫా. కాస్త దిగిన ఫా," అన్నావు,
పలకరింపు కన్నా ముందు.

అప్పట్లో త్బిలిసీలో సినిమా అంటే
కెమెరా అరువు, కారు అరువు,
కథానాయకుడు ఎవరికో బావమరిది.
జురాబ్ మొదటి సినిమాకి నీకిచ్చింది గోనెడు అక్రోట్లు.
రెండోదానికి ఇంకా ఇవ్వాలి.
మూడోదాని నిర్మాత పేరు నాకు గుర్తుంది,
చిరునామాయే ఎవరికీ తెలియదు.
పగలు సంగీత బడిలో పిల్లల మణికట్లు సరిచేసేదానివి.
రాత్రిళ్లు, ఒక గొర్రెలకాపరి
మాట్లాడకుండా బూట్లు విప్పుకునే మూడు నిమిషాలకి
చెల్లో వెతికేదానివి.

నా పని వేరు, నానులీ.
నువ్వు రాసినదాన్ని తగ్గించడం నా పని.
"ఇంకొంచెం," అంటాడు దర్శకుడు. వేలు కిందికి జారుస్తాను.
"ఇంకొంచెం."
గాలి ముందుకొస్తుంది, తలుపు కిర్రుమంటుంది,
నీ చెల్లో గోడ అవతలి మనిషి దగ్గులా మిగులుతుంది.
వెనక కుర్చీలో నువ్వు
పొద్దుతిరుగుడు గింజలు ఒలుచుకుంటూ,
"వినపడకపోయినా ఉంటే చాలు," అన్నావొకసారి.
నిజమే అనుకున్నాను.
కాదని తెలియడానికి పదేళ్లు పట్టింది.

ఆ బాణీ ఒకటుంది కదా. నలభై సెకన్లది.
పెళ్లి దృశ్యానికి పెట్టావు, మరీ ఏడుపుగా ఉందన్నారు.
చావు దృశ్యానికి పెట్టావు, మరీ హుషారన్నారు.
వంతెన మీద కుక్క పరిగెత్తే చోట
కొలిచి కుట్టినట్టు అతికింది,
ఎడిటింగులో కుక్కే పోయింది.
అద్దెకి గది దొరకని మనిషిలా
పన్నెండు సినిమాల గడపలెక్కి దిగింది.
నా హార్డ్ డిస్కులో ఆ ఫైలు పేరు
"ఈసారి కూడా కాదు".

పదమూడోది ఎక్కడో దూరదేశంలో బహుమతి తెచ్చుకుంది.
వేదిక మీద తమ్రికో అందరి పేర్లూ చదివింది,
వంటమనిషితో సహా.
నీ పేరు దగ్గరికొచ్చేసరికి టైమైపోయింది.
ఆ రాత్రి ఫోన్ చేసి, బాధగా ఉందా అనడిగాను.
"రైలు దృశ్యంలో వయోలా ఒక స్వరం తప్పింది.
ఎవ్వరూ పట్టుకోలేదు.
దానికి ఉంది," అన్నావు.

మొన్న మార్చిలో, వాన.
లిఫ్టు చెడిపోయింది.
మెట్లెక్కుతూ ఐదో అంతస్తు దగ్గర విన్నాను,
ఆ నలభై సెకన్లే.
వాటికి నాలుగు నిమిషాలు పట్టిస్తూ
ఎవరో పిల్ల, ఒక్కో మెట్టూ తడుముకుంటూ,
మధ్యలో నల్లమెట్టుకి బదులు తెల్లమెట్టు నొక్కి,
ఆగి, ముక్కు చీది, మళ్లీ మొదటినుంచి.
ఇంకొంచెం తగ్గించు అనేవాళ్లు లేరు.
నా వేలు రెయిలింగు మీద ఊరికే ఉంది.

"పద్నాలుగో అభ్యాసం," అన్నావు తలుపు తీస్తూనే,
నేనడగకుండానే.
"రెండో తరగతి వాళ్లకి. పేరేం పెట్టలేదు."
కిందనుంచి మళ్లీ అదే తప్పు.
నువ్వు గుమ్మంలోనే ఆగి, తల వంచి విన్నావు.
జడలోంచి పెన్సిలు లాగి
అసలు కాగితం మీద నీ స్వరాన్ని చెరిపేసి
పిల్ల నొక్కినదే రాసుకున్నావు.

వెళ్లేటప్పుడు నా చేతిలో నాణెం పెట్టావు,
లిఫ్టు బాగైతే పనికొస్తుందని.
మూడంతస్తులు దిగి
ఆగాను.